సొర తీగ మధ్యాహ్నం వాడితే నీళ్లు పొయ్యాలా? మిద్దెతోట నీళ్ల లెక్క

క్లుప్తంగా: సొర, బీర, కాకర, పొట్ల లాంటి తీగలు ఎండాకాలం మధ్యాహ్నం వాడినంత మాత్రాన మట్టిలో నీళ్లు లేవని కాదు. పొద్దున్నే ఆకు ఎలా ఉంది, రెండు వేలి కణుపుల లోతున మట్టి ఎలా ఉంది అన్నవి చూసి నీళ్లు పోయాలి. మిద్దె మీద అసలు ఇబ్బంది కుండీ చిన్నదై తీగ పెద్దదవడం, ఒకరోజు ముంచి ఇంకోరోజు ఎండగట్టడం. పిందెలు రాలడం చాలాసార్లు నీళ్లకు సంబంధించింది కానే కాదు, పరాగసంపర్కానికి సంబంధించింది.

ఏప్రిల్ వచ్చిందంటే హైదరాబాద్ మిద్దెల మీద ఇదే వరస. పొద్దున నిగనిగలాడిన సొర తీగ మధ్యాహ్నం రెండింటికల్లా ఆకులన్నీ వేలాడేస్తుంది, చూసినవాళ్లకు ప్రాణం ఉసూరుమంటుంది, వెంటనే పైపు పట్టుకుని తడిపేస్తారు. సాయంత్రానికి తీగ లేచి నిలబడుతుంది. నీళ్లు పోశాం కాబట్టే లేచింది అనుకుంటారు. మర్నాడు మళ్లీ అదే పని. పదిహేను రోజులు గడిచేసరికి కింది ఆకులు పసుపు రంగుకు తిరుగుతాయి, పిందెలు వేలెడంత కూడా ఎదగకుండా రాలిపోతాయి. అప్పుడు మొదలవుతుంది టెన్షన్: నీళ్లు చాలడం లేదా, ఎక్కువైపోయాయా, బోరు నీళ్ల వల్లా, ఏదైనా మందు కొట్టాలా?

ఇంత గందరగోళం ఎందుకంటే తీగ జాతి మొక్కలు నీళ్లు తక్కువైనా, ఎక్కువైనా, వేరు దెబ్బతిన్నా పైకి చూపించేది ఒకటే, ఆకు వాల్చడం. కారణం వేరైనప్పుడు మందు కూడా వేరు కావాలి కదా, అందరూ వాడే మందు మాత్రం ఇంకో బకెట్ నీళ్లు.

తెలుగులో పాదు అన్న మాట దగ్గర కాస్త ఆగాలి. మొక్క మొదట్లో నీళ్లు నిలవడానికి తీసే గుంటా పాదే, ఆ గుంటలోంచి పాకే తీగా పాదే. సొరపాదు, బీరపాదు, పొట్లపాదు అంటాం, బెండపాదు అనం. తీగను, దాని కింద నీళ్లు ఆగే చోటును ఒకే పేరుతో పిలిచారంటే ఆ రెండూ ఎంతగా ముడిపడి ఉన్నాయో పెరట్లో కూరగాయలు పండించినవాళ్లకు తెలుసన్నమాట. మిద్దె మీద తీగ అదే, పాదు మాత్రం పన్నెండు అంగుళాల గ్రో బ్యాగ్ అయిపోయింది. మిగతా కష్టాలన్నీ చాలావరకు ఇక్కడి నుంచే పుడతాయి.

మధ్యాహ్నం ఆకు ఎందుకు వాడుతుంది

సొర ఆకు అరచేతికంటే పెద్దది, పలచన, పైన మెత్తటి నూగు. తీగ జాతిలో దాదాపు అన్నిటికీ ఇంతే, ఆకు వెడల్పు ఎక్కువ, నీళ్లు దాచుకునే మందం తక్కువ. ఎండ పెరిగేకొద్దీ ఆకుల్లోని సన్నటి రంధ్రాల గుండా నీరు ఆవిరై పోతుంటుంది, ఆకు వేడెక్కిపోకుండా కాపాడేదీ ఆ ఆవిరే. వేర్లు లాగి పంపే వేగం కన్నా ఆవిరయ్యే వేగం ఎక్కువైతే ఆకులో బిగువు తగ్గి వాలుతుంది. మట్టిలో తడి ఉన్నా ఇది జరుగుతుంది. పొద్దు వాలాక ఆవిరి తగ్గి, వేర్లు లోటు పూడ్చేస్తాయి, ఆకు మళ్లీ నిలబడుతుంది. ఆకు వాలడం వల్ల ఎండ నిటారుగా తగలదు కాబట్టి కొంతవరకు మొక్కకది రక్షణ కూడా.

అంటే మట్టిలో తడి ఉన్నంతవరకు, మధ్యాహ్నం నీళ్లు పోసినా పోయకపోయినా సాయంత్రం అది లేచేదే.

అందుకే పొద్దున ఆరున్నర, ఏడు గంటల మధ్య చూడాలి. రాత్రంతా ఆవిరి నష్టం దాదాపు లేదు, వేర్లకు పది గంటల టైము దొరికింది, అయినా పొద్దున్నే ఆకు వేలాడుతుందంటే నిజంగా ఏదో తేడా ఉంది. అప్పుడు వేలు మట్టిలో రెండు కణుపుల లోతుకు దించాలి. పొడిగా, గరగరలాడుతూ ఉంటే నీళ్లు చాలలేదు. తడిగా, వేలికి మట్టి అంటుకుంటూ ఉంటే ఇబ్బంది వేరు దగ్గర ఉంది, దానికి నీళ్లు మందు కాదు. ఈ చిన్న తనిఖీకి అర నిమిషం పట్టదు, ఖర్చూ లేదు, కానీ చాలా తోటల్లో ఇది జరగదు, ఎందుకంటే పొద్దున ఆఫీసు హడావిడి, మిద్దె ఎక్కేది మధ్యాహ్నమో ఆదివారమో.

కుండీలో ఎంత ఉంది, తీగ ఎంత తాగుతుంది

ఇక్కడ కొంచెం లెక్క వేయక తప్పదు. ఒక చదరపు మీటరు మీద ఒక మిల్లీమీటరు నీళ్లంటే సరిగ్గా ఒక లీటరు. హైదరాబాద్‌లో మే నెలలో ఒత్తుగా పరుచుకున్న పచ్చదనం నుంచి రోజుకు సుమారు 6 నుంచి 8 మిల్లీమీటర్ల నీరు ఆవిరైపోతుంది. మబ్బు పట్టిన వానాకాలం రోజుల్లో, చలికాలంలో ఇది దాదాపు సగానికి పడిపోతుంది. బాగా ఎదిగిన ఒక సొర తీగ పందిరి మీద మూడు చదరపు మీటర్లు పరుచుకుందనుకుందాం, అది పెద్ద విస్తీర్ణమేమీ కాదు, రెండు మంచాలంత. మే నెలలో ఆ తీగకు రోజుకు 18 నుంచి 24 లీటర్లు కావాలి. దాదాపు ఒక వాటర్ క్యాన్.

ఇప్పుడు కింద ఉన్న సంచీ చూద్దాం. 12 అంగుళాల వెడల్పు, 12 అంగుళాల ఎత్తు ఉన్న గ్రో బ్యాగ్‌లో పట్టే మట్టి 20 లీటర్ల చిల్లర. ఎర్రమట్టి, పశువుల ఎరువు, కోకోపీట్ (కొబ్బరి పొట్టు) కలిపిన మిశ్రమంలో మొక్క పీల్చుకోగలిగిన నీరు ఐదో వంతు అనుకుంటే నాలుగు లీటర్లు. మిగిలింది మట్టి రేణువులు గట్టిగా పట్టుకుని వదలనిది, లేదంటే అడుగు రంధ్రంలోంచి కారిపోయేది. రోజుకు 20 లీటర్లు అడిగే తీగకు నాలుగు లీటర్ల గిన్నె. పొద్దున ఏడింటికి నిండా పోసినా పదకొండున్నర, పన్నెండుకల్లా ఖాళీ. ఆ తరువాత మొక్క ఆకు రంధ్రాలు మూసుకుని కూర్చుంటుంది. రంధ్రాలు మూస్తే నీరు మిగులుతుంది కానీ గాలి లోపలికి పోదు, గాలి లేకపోతే ఆకు వంట చేయదు, వంట లేకపోతే పిందెకు అందేదేమీ లేదు. కొత్త పిందెలను వదిలించుకోవడం అప్పుడు మొక్కకు బతుకుతెరువు.

నేలలో పెరిగే పాదుతో పోల్చి చూస్తే తేడా కొట్టొచ్చినట్టు కనబడుతుంది. నగరంలో ఎక్కువ చోట్ల ఉన్న ఎర్ర చల్క నేలలో ఒక చదరపు మీటరు జాగా, అర మీటరు లోతు తీసుకుంటే మొక్కకు పనికొచ్చే నీరు 50 లీటర్ల దాకా ఆగుతుంది. చేవెళ్ల, శంకర్‌పల్లి వైపు కనిపించే నల్లరేగడిలో అయితే 90 లీటర్ల దాకా. పైగా వేర్లు ఆ ఒక్క మీటరుకే కట్టుబడి ఉండవు, పక్కలకు చాలా దూరం పాకుతాయి. అందుకే పెరట్లో సొరపాదుకు మూడు రోజులకోసారి పోసినా నడిచిపోతుంది, మిద్దె మీది అదే తీగకు రోజుకు రెండుసార్లు పోసినా చాలదు. ఊళ్లో అమ్మమ్మ వాళ్లింట్లో ఎవరూ పట్టించుకోకపోయినా గుత్తులుగా కాసేదని చెప్పుకునే మాటలో అబద్ధం లేదు, కింద నేల ఉంది అంతే. అపార్ట్‌మెంట్ చుట్టూ ఉండే జానెడు నేల మాత్రం పేరుకే నేల, అడుగు తవ్వితే ఇటుక ముక్కలు, సిమెంటు పెళ్లలు తగులుతాయి. అక్కడ రెండడుగుల గుంట తీసి మంచి మట్టి, ఎరువు నింపాకే విత్తనం పెట్టాలి.

ఇదంతా చూశాక తేలేది ఏమిటంటే నీళ్లు పోసే సార్లు పెంచేకంటే గిన్నె పెద్దది చేయడం తెలివైన పని. 24 అంగుళాల బ్యాగ్‌లో మూడింట రెండొంతులు నింపితే 120 లీటర్ల మట్టి, దాంట్లో 24 లీటర్ల నీరు, అంటే మే నెలలో ఒక రోజుకు సరిపోయే సరుకు. అంత పెద్ద సంచిలోనైనా సొర ఒక్కటే ఉండాలి, మహా అయితే బీర రెండు. ఒకటి చచ్చినా ఇంకోటి ఉంటుందని నాలుగు గింజలు వేసి నాలుగూ ఉంచేయడం, మిద్దెతోటల్లో జరిగే అతి మామూలు పొరపాటు. ఈ బరువు స్లాబు నడిమధ్యన కాకుండా దూలాల మీదుగా, గోడల వెంబడి పెట్టాలి.

చిన్న సంచులే ఉన్నాయంటే చిన్న తీగలే పెట్టుకోవచ్చు. కాకర తీగ సన్నది, ఆకు చిన్నది, సొరతో పోలిస్తే దాహం తక్కువ. దొండ ఒకసారి నాటుకుంటే ఏళ్ల తరబడి కాస్తుంది, ఎండకు ఆకు రాల్చినా దుంపలాంటి వేరు నుంచి మళ్లీ చిగురుస్తుంది.

నల్లా రోజు పండగ, మర్నాడు ఉపవాసం

నగరంలో చాలా పేటల్లో మంచినీళ్లు రోజు విడిచి రోజు వస్తాయి. మిద్దెతోట నీళ్లు కూడా తెలియకుండానే ఆ లయలోకి పోతాయి, నల్లా వచ్చిన రోజు సంచులన్నీ మునిగేదాకా, రాని రోజు సింటెక్స్‌లో ఉన్నది ఇంట్లోకి దాచుకోవాలి కాబట్టి మొక్కలకు చెంబుడు. మొత్తం లీటర్లు లెక్కేస్తే సరిపోయినట్టే ఉంటుంది. మొక్కకు మాత్రం సరిపోదు.

మట్టిలోని కాల్షియం నీటితో పాటే పైకి పోతుంది. ఎదుగుతున్న కాయకు రెండు రోజులు నీటి ప్రవాహం తెగితే ఆ రెండు రోజులు పెరిగిన భాగానికి కాల్షియం అందదు, కాయ కొన గోధుమ రంగుకు తిరిగి మెత్తబడుతుంది. దీనికి కోడిగుడ్డు పెంకుల పొడి వేయమని సలహా ఇస్తుంటారు. పెంకు మట్టిలో కరగడానికి నెలలు పడుతుంది, పైగా చాలాసార్లు మట్టిలో కాల్షియం ఉంటుంది, దాన్ని మోసుకుపోయే నీరే సరిగ్గా నడవలేదు. కాయ నడుము దగ్గర సన్నబడి వంకర తిరగడానికీ ఈ ఎగుడుదిగుడు తడి ఒక కారణం.

కోకోపీట్ ఎక్కువగా కలిపిన సంచుల్లో ఇంకో మోసం ఉంది. పూర్తిగా ఎండిన కోకోపీట్ నీళ్లను వెంటనే పీల్చుకోదు. పోసిన నీళ్లు సంచి అంచుకూ మట్టికీ మధ్య ఏర్పడ్డ సందులోంచి జారి నేరుగా అడుగునుంచి కారిపోతాయి. కింద నీళ్లు కనబడ్డాయి కాబట్టి బాగా తడిసిందనుకుంటారు, లోపల వేర్ల ముద్ద పొడిగానే ఉంటుంది. అలాంటి సంచికి కొంచెం పోసి, పది నిమిషాలు ఆగి, మళ్లీ పోయాలి. సంచిని ఒక పక్కకు ఎత్తి చూస్తే బరువులోనే తెలిసిపోతుంది.

ఎండుటాకులు, వరిగడ్డి, కొబ్బరి పీచు ఏదో ఒకటి మూడు వేళ్ల మందాన మట్టి మీద పరిస్తే నేరుగా ఆవిరయ్యేది బాగా తగ్గుతుంది. మార్చి చివరి నుంచి గ్రీన్ షేడ్ నెట్ కట్టడం ఇంకా మంచిది, అయితే మరీ చిక్కటి నెట్ వేస్తే పూత తగ్గుతుంది, సగం ఎండ దిగేది చాలు. రంగు పూయని మట్టికుండను మూతి దాకా మట్టిలో పాతి నీళ్లు నింపి మూకుడు మూయడం పాత పద్ధతే, కుండ గోడలోంచి మట్టి ఆరినకొద్దీ నీరు ఊరుతుంది. పెద్ద సంచులకు ఇది బాగా పనిచేస్తుంది, చిన్నవాటిలో వేర్లకు చోటు మిగలదు. డ్రిప్ పెట్టుకునేవాళ్లు గంటకు నాలుగు లీటర్లు పడే డ్రిప్పర్లు సంచికి రెండు పెడితే గంటకు ఎనిమిది లీటర్లు, దాన్నిబట్టి పొద్దున గంటన్నర, సాయంత్రం గంట అని టైమర్ పెట్టుకోవచ్చు.

ఎక్కువైనా ఆకు అలాగే వాలుతుంది

వేరు నీటిని లాగాలంటే దానికి ఊపిరాడాలి. మట్టి రేణువుల మధ్య గాలి ఉండాల్సిన ఖాళీల్లో నీళ్లు రోజుల తరబడి నిలబడితే వేరు ఉక్కిరిబిక్కిరై పని ఆపేస్తుంది, తరువాత కుళ్లుతుంది. అప్పుడు మట్టిలో నీళ్లున్నా మొక్క లాగలేదు, ఆకు వాలుస్తుంది. చూసినవాళ్లు దాహం అనుకుని ఇంకాస్త పోస్తారు. జులై, ఆగస్టుల్లో ముసురు పట్టినప్పుడు మిద్దెల మీద పోయే తీగల్లో చాలా వాటి కథ ఇదే. మట్టి పులిసిన వాసన వస్తుంటే, కింది ఆకులు ముందు పసుపు రంగుకు తిరుగుతుంటే, అడుగు రంధ్రంలో పుల్ల పెట్టి తిప్పి చూడాలి, సగం సార్లు వేరో బురదో అడ్డం పడి ఉంటుంది. సంచిని నేరుగా స్లాబు మీద పెట్టకుండా రెండు ఇటుకల మీద ఎత్తి పెడితే రంధ్రం మూసుకోదు, వేసవిలో స్లాబు వేడి కూడా వేర్లకు తగలదు.

మట్టి తడి సరిగ్గా ఉండి, రంధ్రమూ బాగుండి, అయినా రోజూ వాడుతూ ఎదుగుదల లేకుండా ఉంటే వేర్ల మీద బుడిపెలు వేసే నులిపురుగులు పట్టి ఉండొచ్చు. ఒక మొక్క పీకి చూస్తే వేర్లు పూసలు గుచ్చినట్టు ఉబ్బి కనిపిస్తాయి. ఆ మట్టిలో మళ్లీ తీగ జాతి పెట్టొద్దు, బంతి పెట్టి, వేపపిండి కలిపి కొన్నాళ్లు ఆగాలి.

పిందె రాలితే పైపు వైపు చూడకండి

పిందెలు రాలినప్పుడల్లా నీళ్లు పెంచడమో, ఎరువు పెంచడమో చేస్తారు. తీగ జాతిలో ఆడపువ్వు, మగపువ్వు వేరువేరు. ఆడపువ్వు కింద చిన్న కాయ రూపం పువ్వు విచ్చుకోకముందే ఉంటుంది, మగపువ్వు కింద సన్నటి కాడ తప్ప ఏమీ ఉండదు, వాటినే గొడ్డు పూలు అంటుంటారు. మొదటి పది పదిహేను రోజులు ఎక్కువగా గొడ్డు పూలే వస్తాయి, అది తీగ స్వభావం. ఆ తరువాత ఆడపూలు వచ్చినా వాటికి పుప్పొడి అందకపోతే పిందె రెండు మూడు రోజుల్లో కొన దగ్గర పసుపు రంగుకు తిరిగి, ముడుచుకుని, తాకితే రాలిపోతుంది. కాయ పడింది కానీ నిలవలేదు అనుకుంటాం, నిజానికి కాయ పడనే లేదు.

ఐదో అంతస్తు మిద్దె మీదికి తేనెటీగలు తక్కువగా వస్తాయి. సొర తెల్ల పువ్వు సాయంత్రం విచ్చుకుని రాత్రి వచ్చే చిమ్మటల కోసం ఎదురుచూస్తుంది, పొట్ల పువ్వు కూడా రాత్రిదే. బీర పసుపు పువ్వు కూడా సాయంత్రమే విచ్చుకుంటుంది. నేతిబీర, కాకర, గుమ్మడి మాత్రం పొద్దున్నే విచ్చుకుంటాయి, గుమ్మడి పువ్వు ఎండెక్కేసరికి ముడుచుకుంటుంది కూడా. కాబట్టి చేత్తో పుప్పొడి అద్దాలనుకునేవాళ్లు ఏ తీగకు ఏ వేళో తెలుసుకోవాలి. పొద్దున ఎనిమిదింటికి వెళ్లి సొర పువ్వుకు అద్దితే పెద్దగా లాభం ఉండదు. సాయంత్రం ఆరున్నరకు అప్పుడే విచ్చుకున్న మగపువ్వు కోసి, రేకలు వెనక్కి తుంచి, మధ్యనున్న పసుపు పొడి వేలికి అంటుతుందో లేదో చూసి, ఆడపువ్వు మధ్యలో ఉన్న జిగురు మొగ్గ మీద నెమ్మదిగా తిప్పాలి. పని అయిన పిందె రెండు రోజుల్లో కాడ కొంచెం కిందికి వంచి, మెరుపెక్కి, కళ్లముందే లావవుతుంది.

నీళ్లకూ పరాగసంపర్కానికీ సంబంధం ఉన్నది ఒక్కచోట. పైపుతో తీగ మొత్తం తడిపే అలవాటు ఉంటే విచ్చుకున్న పూలలోని పుప్పొడి తడిసి పగిలి పనికిరాకుండా పోతుంది. ఆకులు రాత్రంతా తడిగా ఉంటే బూజు తెగులుకూ దారి. నీళ్లు మొక్క మొదట్లోనే పోయాలి, పందిరి మీద కాదు.

ఎండలు బాగా ముదిరినా, నత్రజని ఎక్కువైనా గొడ్డు పూలు పెరుగుతాయి. ఆకు నల్లగా, బలంగా, తీగ బారెడు బారెడు పోతూ కాయ మాత్రం లేకపోతే యూరియా, కోళ్ల ఎరువు లాంటివి ఆపాలి. ఈ మధ్య అందరి నోటా వినిపించే 3జి కటింగ్ (కొనలు తుంచి మూడో తరం కొమ్మలు తెప్పించడం) కూడా ఆడపూల కోసమే. సొరలో మొదటి కాండం మీద ఎక్కువగా మగపూలు, పక్క కొమ్మల మీద, వాటి కొమ్మల మీద ఆడపూలు ఎక్కువ వస్తాయి కాబట్టి కొన తుంచి కొమ్మలు తెప్పిస్తారు. పద్ధతి మంచిదే. కానీ కొమ్మలు మూడింతలైతే ఆకులూ పెరుగుతాయి, ఆకులు పెరిగితే పైన వేసిన నీళ్ల లెక్క కూడా పెరుగుతుంది. 12 అంగుళాల సంచిలో 3జి కటింగ్ చేసి కాయలు నిలవలేదని బాధపడటం అందుకే. పెద్ద సంచి లేనప్పుడు కొనలు అన్నీ వదలకుండా మూడు నాలుగు కొమ్మలే ఉంచి మిగతావి తీసేయడం నయం.

బోడకాకర సంగతి పూర్తిగా వేరు, అందులో ఆడ మొక్క, మగ మొక్క విడివిడిగా ఉంటాయి. ఒక్క మొక్క పెట్టి కాయల కోసం చూస్తే రావు.

పిందె లావై, ఆపైన ఒకచోట చిన్న గాటు పడి జిగురు కారి వంకరపోతే అది పండు ఈగ పని. దీనికి లింగాకర్షక బుట్టలు (వాసనతో ఈగలను రప్పించి పట్టేవి) కడతారు, కానీ షాపులో ఏది ఇస్తే అది తెచ్చి కడితే ఉపయోగం ఉండదు. మామిడి మీది ఈగకు మిథైల్ యూజినాల్ అనే ఎర, తీగ కూరగాయల ఈగకు క్యూలూర్ అనే ఎర, రెండూ వేర్వేరు. ఆ బుట్టలో పడేవి మగ ఈగలు మాత్రమే, కాబట్టి దానితో పాటు పుప్పొడి అద్దిన మూడో రోజున పిందెకు కాగితం సంచి తొడగడం ఖాయమైన రక్షణ. పుచ్చిన కాయలను కంపోస్టు డబ్బాలో వేయకూడదు, లోపలి పురుగు మట్టిలోకి దిగి మళ్లీ ఈగై లేస్తుంది. కవర్లో గట్టిగా కట్టి ఎండలో పడేయాలి. బూడిద తెగులు కనిపించిందని గంధకం పొడి చల్లడం కూడా ఈ జాతికి ప్రమాదం, ఎండలో ఆకులు మాడిపోతాయి.

చేదు కాయ ఎక్కడి నుంచి

నీళ్ల సంగతిలో నిజంగా భయపడాల్సిన అంశం ఇది. తీగ జాతి మొక్కల్లో కుకుర్బిటాసిన్లు అనే చేదు పదార్థాలు ఉంటాయి, పురుగుల నుంచి కాపాడుకోవడానికి. మనం తినే రకాల్లో అవి బాగా తగ్గించి ఎంపిక చేసుకున్నవే మిగిలాయి. తీవ్రమైన ఎండ, నీటి ఎద్దడి లాంటి ఒత్తిడిలో కొన్ని మొక్కల్లో అవి మళ్లీ పెరుగుతాయి. సొరకాయ రసం తాగి ఆసుపత్రి పాలైన ఘటనలు, ఢిల్లీలో 2010లో జరిగిన ఒక మరణం తరువాత భారత వైద్య పరిశోధన మండలి నిపుణుల కమిటీని వేసింది. చేదుగా ఉన్న సొరకాయ రసం తాగొద్దని ఆ కమిటీ స్పష్టంగా చెప్పింది. ఉడికిస్తే చేదు పోతుందనీ, ఉప్పు రాస్తే పోతుందనీ నమ్మకూడదు. కోసిన వెంటనే చిన్న ముక్క నాలుకకు తాకించి చూసి, చేదు అనిపిస్తే ఉమ్మేసి కాయ మొత్తం పారేయాలి.

కాకర పక్కన పెడితే సొర చేదెక్కుతుందన్న మాట బలంగా ఉంది. అవి వేర్వేరు జాతులు, ఒకదాని పుప్పొడి ఇంకోదానికి పనికిరాదు. పక్కింటి చేదు రకం సొర నుంచి పుప్పొడి వచ్చినా ఈ ఏడు కాయ రుచి మారదు, కానీ ఆ కాయ గింజ దాచి వచ్చే ఏడు వేస్తే ఆ తీగ చేదు కాయలు కాయొచ్చు. విత్తనం సొంతంగా దాచుకునేవాళ్లు ఒక ఆడమొగ్గకు ముందురోజే సంచి తొడిగి, సొంత తీగ మగపువ్వుతో అద్ది, ఆ కాయనే విత్తనానికి వదలాలి. కొనేవాళ్లకు మంచి రకాలకు కొదవ లేదు. బీరలో మన జగిత్యాల లాంగ్ ఉంది, బెంగళూరు ఉద్యాన పరిశోధన సంస్థ ఇచ్చిన అర్క సుమీత్ ఉంది, సొరలో అర్క బహార్ ఉంది.

ఏ నీళ్లు పోయాలి

నల్లా నీళ్లలో ఉండే కొద్దిపాటి క్లోరిన్ మొక్కకు హాని చేయదు, రాత్రంతా బకెట్లో పట్టి ఉంచాల్సిన పని లేదు. జాగ్రత్త పడాల్సింది ఉప్పుల దగ్గర. నగరంలో చాలా బోర్ల నీళ్లు కఠినమైనవి, నేలలో పోస్తే వాన వచ్చి కడిగేస్తుంది కానీ సంచిలో నీరు ఆవిరై ఉప్పు మిగిలిపోతుంది. సంచి అంచున తెల్లటి పొర, ఆకు అంచులు కాలినట్టు అవడం దాని గుర్తులు. ఆర్వో మిషన్ వదిలే నీళ్లను మొక్కలకు వాడటం మెచ్చుకోదగ్గదే, కాకపోతే లెక్క తెలియాలి. లీటరు శుద్ధమైన నీటికి మూడు లీటర్లు వదిలే మిషన్‌లో ఆ మూడు లీటర్లలో ఉప్పుల గాఢత మూడో వంతు పెరుగుతుంది. టీడీఎస్ (నీటిలో కరిగిన ఉప్పుల కొలత) 300 ఉన్న నల్లా నీరు 400 అవుతుంది, ఇబ్బంది లేదు. 1,200 ఉన్న బోరు నీరు 1,600 అవుతుంది, రోజూ అదే పోస్తే కుండీ చెడుతుంది. అలాంటప్పుడు బియ్యం కడిగిన నీళ్లతోనో నల్లా నీళ్లతోనో కలిపి వాడాలి, పదిహేను రోజులకోసారి మంచినీళ్లు అడుగునుంచి ధారాళంగా పోయేలా పోసి ఉప్పు కడిగేయాలి. ఏసీ నీళ్లలో ఉప్పులు ఉండవు, తప్పకుండా వాడుకోవచ్చు, అయితే ఏప్రిల్, మేలలో ఇక్కడి గాలి పొడిగా ఉంటుంది కాబట్టి అవి ఆశించినంత రావు. వాషింగ్ మిషన్ నీళ్లు మాత్రం వద్దు, సబ్బులోని సోడియం మట్టిని గట్టిపరుస్తుంది.

నగరానికి ఎంత బరువు

ఐదు సొర తీగలు, ఒక్కోదానికి రోజుకు 20 లీటర్లు, నెలకు 3,000 లీటర్లు. 2021 జనవరిలో జీహెచ్‌ఎంసీ పరిధిలో మొదలైన ఉచిత మంచినీటి పథకం ఇంటికి నెలకు 20,000 లీటర్లు లెక్క కట్టింది, దానితో పోలిస్తే ఇది ఏడో వంతు. మామూలు నెలల్లో ఎవరికీ భారం కాదు. 2024 వేసవి లాంటిది వస్తే మాత్రం సంగతి వేరు. ఆ ఏడు హైదరాబాద్‌లో బోర్లు ఎండి ట్యాంకర్ల బుకింగులు విపరీతంగా పెరిగాయి. అదే మార్చిలో బెంగళూరులో మంచినీళ్లతో తోటలు తడపడాన్ని, కార్లు కడగడాన్ని నిషేధించి 5,000 రూపాయల జరిమానా పెట్టారు. మంజీర, కృష్ణా, గోదావరి జలాలను దూరాల నుంచి ఎత్తిపోసుకునే నగరంలో, ట్యాంకరు నీళ్లు కొని మే నెలలో సొరకాయ కాయించడం ఏ రకంగానూ సబబు కాదు.

దీనికి విరుగుడు కాలంలోనే ఉంది. హైదరాబాద్‌లో ఏడాదికి సుమారు 800 మిల్లీమీటర్ల వాన, అందులో ఎక్కువ భాగం జూన్ నుంచి సెప్టెంబరు దాకా. వంద చదరపు మీటర్ల మిద్దె మీద ఒక సెంటీమీటరు వాన పడితే వెయ్యి లీటర్లు, ఒక డ్రమ్ము, ఒక పైపు ఉంటే కొన్ని రోజులకు సరిపడా నీరు దాచుకోవచ్చు. వేసవి పంట కావాలనుకుంటే చలి తగ్గుతున్నప్పుడు, జనవరి రెండో పక్షంలోనే విత్తుకుంటే ఏప్రిల్ మధ్యకల్లా మంచి కాపు అయిపోతుంది, మే ఎండలకు పాత తీగలను కోసేసినా నష్టం లేదు. దొండ లాంటి ఒకటి రెండు మొండి తీగలను ఉంచుకుని, మిగతా సంచుల మట్టిని మే నెలంతా ఎండబెట్టి, పశువుల ఎరువు, వేపపిండి కలిపి సిద్ధం చేసుకోవచ్చు. జూన్ 7, 8 తేదీల్లో మృగశిర కార్తె వస్తుంది. ముందురోజు రాత్రి సొర గింజలు నానబెట్టి, పెద్ద సంచికి రెండేసి పెట్టి, మొలిచాక బలమైనదొకటి ఉంచితే ఆగస్టులో కాయలు దిగుతాయి. వాన నాలుగైదు రోజులు మొహం చాటేసినప్పుడు తప్ప ఆ తీగకు నీళ్లు పైనుంచే అందుతాయి, కింద చూసుకోవాల్సింది అడుగు రంధ్రం మూసుకుపోకుండా.